జనరల్ సీటంటే ఎవరి సీటు? ఏలూరు జంట నియోజకవర్గం కథ

(గోదావరి పేటల చరిత్ర – 9వ భాగం)



పోయిన నెలలో క్లాసు అయిపోయాక బి.ఏ. రెండో సంవత్సరం అమ్మాయి ఒకతి నా కోసం ఆగింది. వాళ్లది ముమ్మిడివరం వైపు ఊరు. "సార్, మాది ఇదివరకు ఎస్సీ సీటంట కదా. ఇప్పుడు జనరల్ చేసేశారు. అంటే ఇంక అక్కడ మనోళ్లు నిలబడకూడదు కదా సార్?" అని అడిగింది.

"మనోళ్లకి టికెట్ ఇవ్వరు కదా" అనలేదు. "నిలబడకూడదు" అంది. మరుసటి రోజు ఇదే ప్రశ్న క్లాసులో అందరినీ అడిగాను. సగానికి పైగా పిల్లలు "అవును సార్, జనరల్లో ఓసీలూ బీసీలూ, ఎస్సీ సీట్లో ఎస్సీలు" అన్నారు. అలా అన్నవాళ్లలో మన పేటల పిల్లలే ఎక్కువ.

చట్టం ప్రకారం జవాబు ఒక్క ముక్కలో చెప్పొచ్చు. 1951 నాటి ప్రజా ప్రాతినిధ్య చట్టం 55వ సెక్షన్ చదవండి. రిజర్వు కాని స్థానంలో కూర్చోడానికి ఎస్సీ, ఎస్టీలకు ఏ అనర్హతా లేదని అందులో స్పష్టంగా రాసి ఉంది. "సందేహం లేకుండా ఉండేందుకు" అని మొదలుపెట్టి మరీ రాశారు. ఆ సందేహం వస్తుందని చట్టం రాసినవాళ్లకి 1951లోనే తెలుసు.

మరి డెబ్భై ఏళ్ల తర్వాత కూడా ఆ అమ్మాయికి అదే సందేహం ఎందుకొచ్చింది? దీనికి జవాబు ఒక్క ముక్కలో రాదు. దాని కోసం మన ఏలూరుకే వెళ్లాలి. ఇప్పటి ఏలూరు పార్లమెంటు స్థానం సంగతి కాదు నేను చెప్పేది. 1952లో పుట్టి 1957కల్లా పోయిన ఏలూరు ద్విసభ్య నియోజకవర్గం సంగతి. అంటే ఒకే నియోజకవర్గం, ఇద్దరు ఎంపీలు.

జంట నియోజకవర్గం అంటే

1952 మొదటి సాధారణ ఎన్నికల్లో లోక్‌సభకి 489 స్థానాలు. నియోజకవర్గాలు మాత్రం 401. వాటిలో 314 చోట్ల ఒక్కో సభ్యుడు, 86 చోట్ల ఇద్దరేసి, ఒక చోట ముగ్గురు. షెడ్యూల్డ్ కులాలకో తెగలకో స్థానం కేటాయించాల్సిన చోట చాలావరకు నియోజకవర్గాన్ని విడిగా కోసి ఇవ్వలేదు. పెద్ద నియోజకవర్గం ఒకటి గీసి, దానికి రెండు సీట్లు పెట్టి, అందులో ఒకటి రిజర్వు చేశారు.

ఈ పద్ధతి మూలం 1932 పూనా ఒప్పందంలో ఉంది. బాబాసాహెబ్ అడిగింది ప్రత్యేక ఓటర్ల జాబితా. గాంధీ నిరాహార దీక్షకి కూర్చున్నాక చివరికి దక్కింది ఉమ్మడి ఓటర్ల మధ్య రిజర్వు సీట్లు. మద్రాసు రాష్ట్రానికి 30 వచ్చాయి. ఆస్తో, పన్నో, చదువో ఉన్నవాళ్లకే ఓటున్న రోజులవి. మన పేటల్లో ఓటున్న గడప వేళ్ల మీద లెక్కపెట్టేంత. 1952కి వచ్చేసరికి 21 ఏళ్లు నిండిన ప్రతి మనిషికీ ఓటు వచ్చింది. పాలేరుకీ, కామందుకీ ఒకే విలువ.

జంట నియోజకవర్గంలో ప్రతి ఓటరుకీ రెండు ఓట్లు. రెండూ ఒకే మనిషికి వేయకూడదు. అప్పట్లో కాగితం మీద ముద్ర వేసే పని లేదు. అభ్యర్థికి ఒక పెట్టె, పెట్టె మీద గుర్తు. చాటులోకి వెళ్లి నచ్చిన పెట్టెల్లో కాగితాలు వేసి రావడమే.

మా మామ్మ అప్పటికి ఇరవై రెండేళ్ల కోడలు. ఏలూరు కాలవ గట్టున మా పేట. నేను డిగ్రీ చదివేటప్పుడు చెప్పింది: "రెండు కాయితాలిచ్చార్రా. కామందు ఎద్దుల పెట్టిలో ఎయ్యండన్నాడు. సరే బాబూ అన్నాం. చాటుకెళ్లాక ఎవడు చూశాడు? ఒకటి గుడిసె పెట్టిలో ఏశాను, ఇంకోటి కంకీ కొడవలి పెట్టిలో ఏశాను."

కాడి కట్టిన జోడెద్దులు కాంగ్రెస్ గుర్తు. కంకీ కొడవలి కమ్యూనిస్టులది. గుడిసె కిసాన్ మజ్దూర్ ప్రజా పార్టీది. టంగుటూరి ప్రకాశం పంతులు కాంగ్రెస్ వదిలి వచ్చాక ఆంధ్రలో ఆ పార్టీకి పెద్ద దిక్కయ్యాడు. పీహెచ్‌డీ రోజుల్లో మొదటి లోక్‌సభ సభ్యుల జాబితా చేతికొచ్చేదాకా మామ్మ వేసిన ఆ రెండు కాగితాల బరువు నాకు తెలియలేదు.

లెక్క ఎలా కట్టేవారు

లెక్కింపు ఇలా ఉండేది. ముందు రిజర్వు సీటు నింపుతారు. ఎస్సీ అభ్యర్థుల్లో ఎక్కువ ఓట్లు వచ్చినవారికి అది. ఆ తర్వాత మిగిలినవాళ్లందరినీ ఒకే వరసలో నిలబెడతారు. అందులో ఓడిన ఎస్సీ అభ్యర్థులు కూడా ఉంటారు. ఆ వరసలో ఎవరికి ఎక్కువ ఓట్లొస్తే వారికి రెండో సీటు.

రెండో సీటు "జనరల్" అంటే అర్థం అదీ. అది ఎవరికీ రిజర్వు కాదు. కమ్మలకీ, కాపులకీ, రాజులకీ, రెడ్లకీ కూడా రిజర్వు కాదు.

1952లో ఏలూరు ఫలితం చూడండి. రిజర్వు సీటు కమ్యూనిస్టు పార్టీ అభ్యర్థి కొండ్రు సుబ్బారావు గారికి వచ్చింది. రెండో సీటు, అంటే జనరల్ సీటు, ప్రజా పార్టీ నుంచి నిలబడ్డ బయ్యా సూర్యనారాయణ మూర్తి గారికి వచ్చింది. బి.ఎస్. మూర్తి గారు కూడా దళితుడే. 1937లో ఏర్పడిన రాజాజీ ప్రభుత్వంలో పార్లమెంటరీ కార్యదర్శిగా పనిచేసినవాడు. ఏలూరు నుంచి ఢిల్లీ వెళ్లిన ఇద్దరూ మన పేటల బిడ్డలే.

పక్కన రాజమండ్రి కూడా జంట నియోజకవర్గమే. అక్కడ రిజర్వు సీటు కమ్యూనిస్టు పార్టీకి చెందిన కానేటి మోహనరావు గారిది. రెండోది సోషలిస్టు పార్టీ తరఫున నల్లారెడ్డి నాయుడు గారిది. అంటే ఏలూరు, రాజమండ్రి జంట స్థానాల నుంచి వెళ్లిన నలుగురిలో ముగ్గురు దళితులు.

ఈ వాక్యం ఇంకోసారి చదవండి తమ్ముళ్లూ, చెల్లెళ్లూ. 1952లో నలుగురిలో ముగ్గురు. ఇవాళ రెండు గోదావరి జిల్లాల పాత హద్దుల్లో అయిదు పార్లమెంటు స్థానాలున్నాయి: కాకినాడ, అమలాపురం, రాజమండ్రి, నరసాపురం, ఏలూరు. అయిదుగురిలో ఒక్కరు దళితుడు. ఆ ఒక్కరూ ఎక్కడివారో నేను చెప్పక్కర్లేదు.

ఎందుకలా గెలిచారు? నా చదువు మేరకు నాకు తోచిన కారణం చెబుతాను. ధవళేశ్వరం ఆనకట్టతో డెల్టాలో భూమి బంగారమైంది. ఆ బంగారం కామందుల చేతుల్లో ఉండిపోయింది. నాట్లు వేసే చేతులూ, కోత కోసే చేతులూ పేటలవి. 1940లలో వ్యవసాయ కూలీ సంఘాలు ఆ చేతుల్ని ఒకటి చేశాయి. బోయి భీమన్న గారి 'పాలేరు' నాటకం పుట్టింది కూడా ఆ దశకంలోనే, ఈ గోదావరి నేల మనిషి చేతుల్లోనే. పాలేరు కొడుకు చదువుకుని పైకొస్తాడన్న ఊహే అప్పటికి కొత్త. ఇటు పేటల ఓట్లు ఒక చోట పడ్డాయి, అటు పై కులాల ఓట్లు పార్టీల మధ్య చీలాయి. ఓటరు చేతిలో రెండు కాగితాలుండబట్టి, ఒకటి రిజర్వు అభ్యర్థికి వేసినవాళ్లు రెండోది కూడా మనవాళ్లకే వేసుకునే వీలు దొరికింది. మా మామ్మ చేసింది అదే.

565 ఓట్లు

1957లో హద్దులు మారాయి. ఏలూరు ఒక్క సభ్యుడి స్థానం అయింది, కాంగ్రెస్ నుంచి మోతే వేదకుమారి గారు గెలిచారు. రాజమండ్రి కూడా ఒకే సభ్యుడి స్థానమైంది. జంట సీటు కాకినాడకి వెళ్లింది. అక్కడ మొసలికంటి తిరుమలరావు గారూ, అప్పటికి కాంగ్రెస్‌లోకి వచ్చిన బి.ఎస్. మూర్తి గారూ గెలిచారు. ఈసారి మూర్తి గారిది రిజర్వు సీటు.

అదే ఎన్నికల్లో మనకి ఉత్తరాన పార్వతీపురం జంట స్థానంలో ఒక సంగతి జరిగింది. అక్కడ రిజర్వు సీటు ఆదివాసీలది. మాజీ కేంద్ర కార్మిక మంత్రి, తర్వాత రాష్ట్రపతి అయిన వి.వి. గిరి గారు జనరల్ సీటు కోసం నిలబడ్డారు. ఫలితం ఇది: బిడ్డిక సత్యనారాయణ గారికి 1,26,792 ఓట్లు, డిప్పల సూరిదొర గారికి 1,24,604, గిరి గారికి 1,24,039. మొదటి ఇద్దరూ ఆదివాసీలు. సత్యనారాయణ గారు రిజర్వు సీటులోకి వెళ్లారు. రెండో సీటు సూరిదొర గారిది. గిరి గారు 565 ఓట్ల తేడాతో ఓడారు.

గిరి గారు కోర్టుకెళ్లారు. సూరిదొర రిజర్వు సీటుకని నామినేషన్ వేసినవాడు, జనరల్ సీటు అతనికెలా ఇస్తారన్నది వాదన. సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. 1959లో మెజారిటీ తీర్పు సూరిదొర గారి వైపు వచ్చింది. దాని సారం మన భాషలో ఇది: రిజర్వేషన్ అనేది ఇంతకు తగ్గకూడదనే హామీ. ఇంతకు మించకూడదనే కంచె కాదు.

నా దృష్టిలో మన రాజకీయ హక్కుల చరిత్రలో ఇంత సూటి తీర్పు తక్కువ. ఆ తీర్పొచ్చిన రెండేళ్లకే, 1961లో, పార్లమెంటు ద్విసభ్య నియోజకవర్గాల రద్దు చట్టం చేసింది. బయటికి చెప్పిన కారణాలు వేరు: నియోజకవర్గాలు మరీ పెద్దవి, తిరగలేకపోతున్నారు, ఖర్చు ఎక్కువ. వాటిలో నిజం ఉంది కూడా. కానీ కేంద్ర మంత్రిగా చేసిన పెద్దమనిషి ఒక ఆదివాసీ చేతిలో "తన" సీటు పోగొట్టుకున్న సంగతి ఆ పార్లమెంటులో ఎవరికీ తెలియకుండా లేదు.

ప్రతి జంట నియోజకవర్గాన్నీ రెండుగా కోశారు. మన జనాభా ఎక్కువున్న ముక్క రిజర్వు, రెండో ముక్క జనరల్. మన ప్రాంతంలో 1962 నుంచి అమలాపురం ఎస్సీ పార్లమెంటు స్థానమైంది. మొదటి ఎంపీ ఎవరనుకున్నారు? మళ్లీ బి.ఎస్. మూర్తి గారే. 1962, 1967, 1971 మూడుసార్లు అక్కడి నుంచే గెలిచారు, కేంద్రంలో డిప్యూటీ మంత్రిగా కూడా చేశారు.

ఒకే మనిషి ప్రయాణం చూడండి. 1952లో ఏలూరు జనరల్ సీటు. 1957లో కాకినాడ రిజర్వు సీటు. 1962 నుంచి అమలాపురం రిజర్వు నియోజకవర్గం. పదేళ్లలో ఆయన కులం మారలేదు, శక్తీ తగ్గలేదు. ఆయన నిలబడగలిగే చోటు మాత్రం చిన్నదవుతూ వచ్చింది.

ఆయన తర్వాత ఏలూరు నుంచి లోక్‌సభకి వెళ్లినవాళ్ల జాబితా తీయండి. అందులో ఒక్క దళిత పేరు వెతకండి. ఇది మీకు హోంవర్కు.

పాతదాన్ని పొగడటం లేదు

జంట పద్ధతి బంగారం అనుకునేరు, కాదు. అందులో మనకి దెబ్బలున్నాయి. చాలాచోట్ల దళిత అభ్యర్థి పెద్ద కులం అభ్యర్థికి తోడు ఎద్దులా తిరగాల్సి వచ్చేది. జీపు వాళ్లది, డబ్బు వాళ్లది, మాటా వాళ్లదే. మనల్ని గెలిపించేది మనం కాక మిగతా ఊరంతా అయినప్పుడు, గెలిచినవాడు ఎవరికి జవాబు చెబుతాడన్నది బాబాసాహెబ్ జీవితాంతం అడిగిన ప్రశ్న. ఆయనే 1952లో బొంబాయి ఉత్తర జంట స్థానంలో రిజర్వు సీటు కోసం నిలబడి కాంగ్రెస్ అభ్యర్థి కజ్రోల్కర్ చేతిలో ఓడిపోయారు. రాజ్యాంగం రాసిన మనిషికే ఆ గతి పట్టింది.

విడి రిజర్వు నియోజకవర్గాలు మనకి ఇచ్చింది కూడా తక్కువేం కాదు. అమలాపురం లేకపోతే జి.ఎం.సి. బాలయోగి గారు 1998లో లోక్‌సభ స్పీకర్ కుర్చీలో కూర్చునేవారా? ఆ కుర్చీ ఎక్కిన మొదటి దళితుడు మన కోనసీమ మనిషి. కాబట్టి రిజర్వు సీట్లు వద్దనే మాట నా నోట రాదు. నేను చెప్పేది ఒక్కటే. 1961లో నియోజకవర్గాన్ని కోసినప్పుడు జనం మనసులో కూడా ఒక గీత పడింది. "ఇది మీది, అది మాది" అని. చట్టంలో ఆ గీత లేదు. పార్టీలు టికెట్లు పంచేటప్పుడు అదే గీత చూపిస్తాయి. అరవై ఏళ్లుగా చూపించగా చూపించగా మన పిల్లలే దాన్ని చట్టమనుకుంటున్నారు.

అల్లవరం, నగరం, ముమ్మిడివరం

2008 డీలిమిటేషన్‌తో మన జిల్లాల్లో పేర్లే మారిపోయాయి. కోనసీమలో అల్లవరం, నగరం అనే ఎస్సీ అసెంబ్లీ స్థానాలుండేవి. 2009 ఎన్నికల నాటికి అవి లేవు. అమలాపురం, రాజోలు, పి. గన్నవరం ఎస్సీ స్థానాలయ్యాయి. అప్పటిదాకా రిజర్వుగా ఉన్న ముమ్మిడివరం జనరల్ అయింది. పశ్చిమాన ఆచంట జనరల్ అయింది, కొవ్వూరు ఎస్సీ అయింది. ఉమ్మడి రాష్ట్రం మొత్తం మీద ఎస్సీ స్థానాలు 39 నుంచి 48కి పెరిగాయి. లెక్కలో మనం నష్టపోలేదు.

నష్టపోయింది వేరే చోట. ముమ్మిడివరం నుంచి బాలయోగి గారు 1996లో ఎమ్మెల్యే అయ్యారు. 2004లో పినిపే విశ్వరూప్ గారు గెలిచారు. అక్కడి ఊళ్లన్నీ దళిత ఎమ్మెల్యేని చూశాయి. పనుల కోసం పెద్ద కులాలు ఆయన గుమ్మం ముందు నిలబడ్డాయి. రిజర్వేషన్ పోయిన మరుక్షణం ఆ అనుభవమంతా చెల్లని నోటైంది. "ఇన్నాళ్లూ మీకిచ్చాం, ఇప్పుడు మాకొచ్చింది" అన్న మాట ఊళ్లలో నేను చెవులారా విన్నాను. మాకొచ్చింది అనడానికి అదేమన్నా వంతుల పంపకమా?

ఇంకో సంగతి గోదావరి వాళ్లకి మరీ ముఖ్యం. 1950 షెడ్యూల్డ్ కులాల ఉత్తర్వు మూడో పేరా ప్రకారం క్రైస్తవుణ్ణని ప్రకటించుకున్న దళితుడికి ఎస్సీ హోదా లేదు. 1956లో సిక్కులకీ, 1990లో బౌద్ధులకీ ఇచ్చారు గానీ క్రైస్తవులకి ఇవ్వలేదు. మన డెల్టాలో మందిరం లేని పేట ఎన్ని ఉన్నాయో మీకు తెలుసు. అంటే తన విశ్వాసాన్ని దాచుకోకుండా బతకాలనుకునే దళిత క్రైస్తవుడికి రిజర్వు సీటు తలుపు మూసే ఉంది. అతను నిలబడగలిగేది జనరల్ సీటులోనే. ఆ తలుపు కూడా మనది కాదని మనమే నమ్మితే, మన పేటల్లో సగం మందికి నిలబడే చోటే లేకుండా పోతుంది.

2022 మే 24న అమలాపురం తగలబడ్డ సాయంత్రం మీకు గుర్తుంది. జిల్లాకి అంబేడ్కర్ పేరు పెడతామన్నందుకు జరిగింది అది. మంత్రి విశ్వరూప్ గారి ఇల్లూ, ముమ్మిడివరం ఎమ్మెల్యే పొన్నాడ సతీష్ గారి ఇల్లూ కాలిపోయాయి. ఒకరు రిజర్వు సీటు దళితుడు, ఇంకొకరు జనరల్ సీటు బీసీ. రిజర్వు సీటు మనల్ని సభలోకి పంపగలదు గానీ, ఊరి మనసులో మన పేరుకి చోటు దానంతట అదే ఇవ్వదని ఆ రోజు తెలిసింది. ఆ చోటు ఊరంతటి ఓటు అడిగి, ఊరంతటితో వాదించి సంపాదించుకోవాలి. 1952లో మూర్తి గారు చేసింది అదే.

ఇప్పుడేం చేద్దాం

2026 తర్వాత జరిగే మొదటి జనగణన లెక్కలతో సీట్ల సంఖ్యా, హద్దులూ మళ్లీ మారే మార్గం తెరుచుకుంటుంది. ఈసారి మనం నిద్రపోకూడదు. 2002 డీలిమిటేషన్ చట్టం చెప్పింది చూడండి: ఎస్సీ స్థానాలను రాష్ట్రంలో వేరువేరు ప్రాంతాలకి పంచాలి, వీలైనంతవరకు మన జనాభా నిష్పత్తి ఎక్కువున్న చోట పెట్టాలి. ముసాయిదా ప్రచురించాలి, అభ్యంతరాలు తీసుకోవాలి, బహిరంగ విచారణలు పెట్టాలి. కొత్త కమిషన్‌కి కొత్త చట్టం వస్తే అందులో ఈ ఏర్పాట్లు ఉన్నాయో లేదో మొదట మనం చూడాలి. విచారణ రోజున మండలాల వారీ జనాభా లెక్క కాగితం పట్టుకుని లేచి మాట్లాడే పిల్లలు ప్రతి కాలేజీ నుంచీ ఉండాలి. ఒకసారి గీత గీసేశాక చెరపడం చాలా కష్టం.

రెండో పని అంతకంటే ముందే మొదలు పెట్టొచ్చు. మీ నియోజకవర్గం జనరల్ అయితే, ఏ పార్టీ నాయకుడు పేటకొచ్చినా ఒక్క ప్రశ్న అడగండి: "మా జనరల్ సీటుకి మీరు దళితుడి పేరు ఎప్పుడైనా పరిశీలించారా?" ఆయన నవ్వుతాడు. "చట్టం ఒప్పుకోదు కదా" అని కూడా అనొచ్చు. అప్పుడు 55వ సెక్షన్ చూపించండి.

ఆ అమ్మాయికి నేను ఇదంతా ఒక్కసారి చెప్పలేదు. ఆ రోజు చట్టం పుస్తకం తీసి పక్కపక్కన ఉండే రెండు సెక్షన్లు చూపించాను. 54వ సెక్షన్ జంట నియోజకవర్గాల్లో ఓట్లు ఎలా లెక్కపెట్టాలో చెప్పేది. 1961లో దాన్ని తీసేశారు, ఇప్పుడు అక్కడ ఖాళీ. 55వ సెక్షన్ అలాగే ఉంది. ఆమె రెండుసార్లు చదివింది. ఫోన్‌లో ఫొటో తీసుకుంది. "సార్, మా నాన్నకి పంపిస్తాను" అంది.

మీరూ పంపించండి.

వచ్చే భాగంలో కొండ్రు సుబ్బారావు, కానేటి మోహనరావు గార్ల తరం కూలీ సంఘాల గురించి రాస్తాను. మీ పేటల్లో ఆ రోజులు గుర్తున్న తాతలూ, మామ్మలూ ఇంకా ఉంటే ఈ వారమే వాళ్ల దగ్గర కూర్చోండి. 1952లో ఏ పెట్టెలో వేశారో అడిగి రాసుకోండి. మా మామ్మని ఇంకో నాలుగు ప్రశ్నలు అడగలేకపోయానన్న బాధ నాకింకా ఉంది.

జై భీమ్.